పీట మీద చప్పుడు

మా మావయ్య తప్పేమిటో చెప్పేవాడు కాదు. తప్పు జరిగిందని మాత్రం చెప్పేవాడు. ఎదురుగా ఒక పీట బోర్లించి పెట్టుకుని, కళ్ళు మూసుకుని వినేవాడు. నేను ఖురాన్ చదువుతూ ఎక్కడైనా జారితే వేలి కణుపుతో పీట మీద ఒక్కటి కొట్టేవాడు. అంతే. ఎక్కడ జారానో, ఏ అక్షరం చెడిందో వెతుక్కోవడం నా పని. వెనక్కి వెళ్ళి మళ్ళీ చదవాలి. మళ్ళీ తప్పితే మళ్ళీ చప్పుడు. చప్పుడు రాకపోతే సరిగ్గా చదివినట్టు. ఆయన నోట శభాష్ అన్న మాట నేను ఎన్నడూ వినలేదు. ఆయన మౌనమే శభాష్ అని మేమంతా అనుకునేవాళ్ళం, ఆయనతో సహా.

మాది విజయవాడ వించిపేట. నాన్నకి పరుపుల కొట్టు ఉండేది. మేం దూదేకుల వాళ్ళం. నమాజు అరబ్బీలో చేసినా ఇంట్లో తిట్టుకునేదీ ముద్దు చేసుకునేదీ తెలుగులోనే. చిన్నప్పుడు ఉర్దూ మాట్లాడే ఇళ్ళ పిల్లలతో కలిసి అరబ్బీ బడికి వెళ్తే, నేను నోరు తెరవడం ఆలస్యం, కిసుక్కున నవ్వేవాళ్ళు. గొంతు అడుగు నుంచి రావలసిన అక్షరం నా నోట్లో మామూలు 'క' అయి కూర్చునేది. "దూదేకులోళ్ళ నోట్లో కూడా దూదే ఉంటదా?" అని ఒక పిల్ల అడిగింది. ఆ పిల్లకి ఇప్పుడు మనవలు కూడా ఉండి ఉంటారు. నాకు ఇంకా కోపం పోలేదు.

ఆ నోరు తిప్పినవాడు మావయ్య. అమ్మకి అన్న. చల్లపల్లిలో ఉండేవాడు. కుర్రతనంలో హైదరాబాదు వెళ్ళి, ఒక ముసలి గురువు గారి ఇంట్లో ఏళ్ళ తరబడి ఉండి, ఖురాన్ని ఏడు రీతుల్లో చదవడం నేర్చుకుని వచ్చాడు. ఖురాన్ ఒక్కటే కదా, ఏడు రీతులేమిటి అని మా వాళ్ళలోనే చాలామంది అడుగుతారు. గ్రంథం ఒక్కటే. మొదటి తరాల్లో మక్కాలో, మదీనాలో, కూఫాలో, బస్రాలో, సిరియాలో ఉన్న గురువులు తాము విన్నది విన్నట్టు నేర్పారు. ఒక ఊరి రీతిలో ఒక చోట గొంతు టక్కున ఆగుతుంది, ఇంకో ఊరి రీతిలో అక్కడే స్వరం మెత్తగా సాగిపోతుంది. ఒకచోట 'ఆ' నిటారుగా నిలబడితే ఇంకోచోట కాస్త 'ఏ' వైపు ఒరుగుతుంది. అన్నీ సరైనవే. మన దేశంలో మసీదుల్లో వినిపించేది కూఫా రీతుల్లో ఒకటి మాత్రమే.

అది మాత్రమే తెలిసినవాళ్ళతో మావయ్యకి ఒకసారి పెద్ద గొడవే అయింది. నేను పుట్టకముందు సంగతి, అమ్మ చెప్పింది. రంజాన్‌లో రాత్రి నమాజు చదివించేటప్పుడు, చదివేవాడి వెనకాల ఖురాన్ మొత్తం కంఠస్థం వచ్చిన ఇంకో హాఫిజ్ నిలబడి వింటాడు. ముందున్నవాడు తప్పితే అందిస్తాడు. మావయ్య ఆ ఏడాది మదీనా రీతి ఎత్తుకున్నాడు. వెనకున్నాయన తప్పనుకుని అందించాడు. మావయ్య మదీనా రీతిలోనే ముందుకు పోయాడు. మళ్ళీ అందించాడు. చివరికి వరుసల్లో ఉన్నవాళ్ళు దగ్గడం, గొణగడం. నమాజు అయ్యాక మసీదు కమిటీ పెద్దలు, "ఏంటయ్యా, ఖురాన్నే మారుస్తన్నావా?" అన్నారు. మావయ్య వాదించలేదు. చదివించడం మానేసి ఇంటికొచ్చి దూది ఏకే విల్లు అందుకున్నాడు. జీవితమంతా పరుపులూ బొంతలూ కుట్టి బతికాడు. ఏడు ఊళ్ళ గొంతులు లోపల పెట్టుకున్న మనిషి మా జిల్లాలో దూది ఏకాడు. నాకు తలుచుకున్నప్పుడల్లా ఒళ్ళు మండుతుంది, ఆయనకి మాత్రం ఎప్పుడూ మండినట్టు కనపడలేదు.

నేను ఇంటర్ తప్పాను. లెక్కల్లో ఘనంగా తప్పాను. ఇంట్లో ఉంటే నాన్న చూపులు భరించలేక, కొన్నాళ్ళు మావయ్య దగ్గరుండి వస్తానని చల్లపల్లి మీదుగా పోయే అవనిగడ్డ బస్సెక్కాను. తొంభైల చివరి సంగతి. ఉయ్యూరు చక్కెర ఫ్యాక్టరీ వాసన దాటాక ఇక దారంతా వరి, కాలవ, వరి. కొన్నాళ్ళని వెళ్ళినదాన్ని ఏళ్ళ తరబడి ఉండిపోయాను.

మొదట్లో నోరు బాగుచేయించుకుందామనే కూర్చున్నాను. ఆ కూఫా రీతి కుదిరాక, "ఇంకోటి చెప్తా, చదువుతావా?" అన్నాడు మావయ్య. అదీ అయ్యాక ఇంకోటి. మగపిల్లలు ఆయన దగ్గరికి వచ్చేవాళ్ళు గానీ, ఒక రీతిలో కంఠస్థం కాగానే ఎక్కడో ఇమాము ఉద్యోగం చూసుకుని వెళ్ళిపోయేవాళ్ళు. మిగతా ఆరు రీతులు ఎవరికి కావాలి? అవి చదివితే వెనక నుంచి దగ్గుతారు. నేను ఆడపిల్లని. నన్నెవరూ ముందు నిలబెట్టి చదివించరు, నా వెనక ఎవరూ దగ్గరు. అందుకే నాకు ఏడూ నేర్చుకునే తీరిక దొరికింది.

పరదా బాధ కూడా లేదు, మేనమామ కాబట్టి. పక్కింటి రైతు భార్య ఒకసారి నవ్వుతూ, "ఎందుకమ్మా ఈ తిప్పలు, మేనమామని చేసుకుంటే సరిపోయె" అంది. మాలో అది నిషేధం అని అత్తయ్య చెబితే పాపం బుగ్గలు నొక్కుకుంది. ఆ నిషేధం వల్లే నేను ఆయన ఎదురుగా ముసుగు లేకుండా కూర్చుని చదవగలిగానని ఆవిడకి తెలియదు. వంటింట్లో "మావయ్యా, నువ్వు ఇంకో ముద్ద తిను" అనేదాన్ని. పీట ముందు కూర్చుంటే "మీరు" అనేదాన్ని. ఎవరూ నేర్పలేదు, అలా వచ్చేసింది.

ఏడు రీతులూ విడివిడిగా వచ్చాక, అన్నిటినీ కలిపి మొత్తం ఖురాన్ మొదటి నుంచి చివరిదాకా గురువుకి వినిపించాలి. ఒక వాక్యం చదవాలి, ఆగాలి, వెనక్కి వెళ్ళాలి, అదే వాక్యం మదీనా రీతిలో, మళ్ళీ వెనక్కి, మక్కా రీతిలో. ఆ వాక్యంలో తేడాలన్నీ తీరేదాకా ముందుకు కదలకూడదు. తెల్లవారి నమాజు అయ్యాక మొదలుపెడితే ఎండ వరండా ఎక్కేదాకా అదే పని. పక్కింటావిడే, "మీ అమ్మాయి చదువు అరిగిపోయిన క్యాసెట్టులాగా ఉందండీ, అక్కడే తిరుగుతా ఉంటది" అంది. మావయ్య పడీపడీ నవ్వాడు.

ఇదంతా ఎందుకంటే, చివర్లో ఒకటుంది. సనద్ అంటారు. మావయ్య దృష్టిలో అది గోడకి తగిలించుకునే కాగితం కాదు, పేర్ల గొలుసు. నేను ఫలానా గురువుకి చదివి వినిపించాను, ఆయన విన్నాడు. ఆయన తన గురువుకి వినిపించాడు, ఆ గురువు విన్నాడు. అలా ఒక్కొక్క పేరూ వెనక్కి వెనక్కి ప్రవక్త దాకా వెళ్తుంది. చదువు పూర్తయిన రోజున గురువు ఆ పేర్లన్నీ నోటితో చెప్పి, చివర తన పేరు చెప్పి, శిష్యుడి పేరు చెప్పి, "ఇతను నాకు మొత్తం వినిపించాడు, నేను విన్నాను" అనాలి. అప్పటినుంచి ఆ శిష్యుడు ఇంకొకరికి నేర్పవచ్చు. లేకపోతే ఎంత వచ్చినా అది అతనితోనే ఆగిపోతుంది. మావయ్య పేరు తర్వాత అప్పటికి ఎవరి పేరూ లేదు. అక్కడ నా పేరు రావాలని నాకు ఎంత ఉండేదో చెప్పలేను. లెక్కల్లో తప్పిన పిల్ల పేరు, నోట్లో దూది ఉందనిపించుకున్న పిల్ల పేరు, ఆ గొలుసులో. అన్నం తింటూ కూడా లోపల లోపల ఆ పేర్లు చెప్పుకుని చివర నా పేరు కలిపి చూసుకునేదాన్ని.

కలిపి చదవడం సగం దాటాక మావయ్యకి దగ్గు పట్టుకుంది. దూది పని చేసే ఇళ్ళలో దగ్గు వింతేం కాదు. తాతా దగ్గాడు, ముత్తాతా దగ్గాడు. "దూది ధూళి, బెల్లం ముక్క నోట్లో వేసుకుంటే పోద్ది" అనేది అత్తయ్య. మా కులంలో ఎవరు దగ్గినా ఇదే మాట. ఆ మాట పట్టుకుని బోలెడు కాలం పోగొట్టాం. జ్వరం సాయంత్రాలు రావడం మొదలైనా దూదే అన్నాం, బరువు తగ్గుతున్నా దూదే అన్నాం. తువ్వాలు మీద నెత్తురు పడ్డాక గానీ విజయవాడ తీసుకురాలేదు. టీబీ అన్నారు. అప్పటికే ఒక ఊపిరితిత్తి సగం పాడైందన్నారు.

మాత్రలతో పాటు రోజూ సూది. డాక్టరు మంచివాడు, నేను పక్కనే ఉన్నాను, మెల్లగా విడమర్చి చెప్పాడు. "ఈ ఇంజక్షన్‌తో కొంతమందికి చెవులు దెబ్బతింటాయండీ. హోరు వచ్చినా, తల తిరిగినా వెంటనే వచ్చి చెప్పండి. మార్చేద్దాం." మావయ్య అలాగేనండీ అన్నాడు.

అంటుకునే రోజుల్లో నన్ను వించిపేటకి పంపేశారు. ఆ ప్రమాదం పోయిందని డాక్టరు చెప్పాక మళ్ళీ వెళ్తానంటే నాన్న మండిపడ్డాడు. "ఆ దగ్గు ముందర నోరు తెరుచుకుని కూర్చుంటావా?" అన్నాడు. అమ్మ సంచిలో నా బట్టలు సర్దింది. మావయ్య తన అన్న, ఆయన పేరు తర్వాత ఖాళీ ఉందని ఆవిడకీ తెలుసు.

తిరిగి వెళ్ళేసరికి మావయ్య పద్ధతి కాస్త మారింది. ఇదివరకు గోడ పక్క నీడలో కూర్చునేవాళ్ళం. ఇప్పుడు నన్ను కిటికీకి ఎదురుగా, వెలుతురు మొహం మీద పడేలా కూర్చోమన్నాడు. కళ్ళు మూసుకోవడం మానేసి నన్నే చూస్తూ వినేవాడు. జబ్బు మనిషికి వెలుతురు మంచిదని అనుకున్నాను. ఇంకోటి కూడా మారింది. పీట మీద చప్పుళ్ళు తగ్గాయి.

మొదట బుసలాంటి అక్షరాల దగ్గర తగ్గాయి. అరబ్బీలో 'స' లాంటి అక్షరాలు మూడు నాలుగున్నాయి, నాలుక ఎక్కడ ఆనిందన్న దాన్నిబట్టి మారతాయి. అక్కడ నాకు ఎప్పుడూ దెబ్బలు పడేవి. అవి పోయాయి. తర్వాత తర్వాత మిగతా చోట్లా తగ్గాయి. కొన్ని పొద్దుటి పూటలు మొదటి నుంచి చివరిదాకా పీట పలకనే లేదు. నాకు రెక్కలొచ్చినట్టే ఉంది. ఎస్టీడీ బూతుకి పరిగెత్తి, "అమ్మా, ఇవాళ ఒక్క దెబ్బ కూడా పడలేదు" అని చెప్పాను.

నాకు ఖురాన్ ముట్టకూడని రోజుల్లో అత్తయ్యతో కూర్చుని బొంత కుట్టేదాన్ని. ఆ రోజుల్లో మావయ్య తానే చదువుకునేవాడు. గొంతు పెద్దదైంది. వీధి చివరిదాకా వినపడేది. "చూశావా, ఒంట్లో సత్తువొచ్చింది, గొంతు లేచింది" అని అత్తయ్య అంది. నేనూ అవునన్నాను. మనిషి కోలుకుంటున్నాడని ఇద్దరం తెగ సంబరపడ్డాం.

ఖురాన్‌లో యాసీన్ అనే సూరా, అంటే అధ్యాయం, చదివిన రోజు బయటపడింది. చావు ఇళ్ళలో చదువుతారు కాబట్టి మా వాళ్ళందరికీ నోటికొచ్చిన సూరా. అందులో మొదట్లోనే 'దారి' అన్న అర్థం వచ్చే మాట ఉంది. మనం చదివే రీతిలో అది బరువైన 'స'తో మొదలవుతుంది. మక్కా రీతిలో ఒక పాఠం ప్రకారం తేలిక 'స'. వెనక్కి వెళ్ళి ఆ తేలికది చదవాలి. అలవాటైన సూరా కావడంతో నోరు దాని దారిన అది పోయింది. ఆ పాఠం వదిలేసి ముందుకెళ్ళిపోయాను. రెండు వాక్యాలు దాటాక నాకే తట్టి, చప్పుడు కోసం ఎదురుచూశాను. ఆ మాట దగ్గర మావయ్య నన్ను ఎన్నడూ వదల్లేదు. మొదట్లో ఆ ఒక్క మాటకే పీట పగిలేలా కొట్టేవాడు.

మావయ్య నా మొహం కేసి చూస్తూ తల ఊపాడు. కానియ్ అన్నట్టు.

నేను ఆగిపోయాను. ఆయన వేలు పీట మీదే ఉంది. కావాలని ఇంకో తప్పు చదివి చూద్దామని ఒక్క క్షణం అనిపించింది. కానీ దేవుడి మాటని తెలిసి తెలిసి చెడగొట్టడానికి నా నోరు రాలేదు. లేచి వంటింట్లోకి వెళ్ళాను.

"అత్తయ్యా, మావయ్యకి వినపడుతోందా?" అన్నాను.

అత్తయ్య బియ్యం చెరుగుతోంది. చేట ఆపలేదు. "ఎనక నుంచి పిలిస్తే పలకడం మానేసి చాన్నాళ్ళయింది" అంది. "మొన్న ఇత్తడి బిందె ఆయన పక్కనే పడింది. తల కూడా తిప్పలా."

"మరి నాకు చెప్పలేదేం?"

"చెప్తే నువ్వెళ్ళిపోతావన్నాడు. చెప్పొద్దని ఒట్టేయించుకున్నాడు." అప్పుడు చేట కింద పెట్టి ఏడ్చింది.

ఎంత కోపం వచ్చిందంటే, ఆయన జబ్బు మనిషని కూడా మర్చిపోయాను. వెళ్ళి ఎదురుగా నిలబడ్డాను. "ఎప్పట్నుంచి?" అన్నాను. ఆయన నా పెదాలు చూశాడు. అర్థమైంది.

"సూదులు మొదలెట్టిన కొత్తల్లో హోరు వచ్చింది" అన్నాడు, అవసరం లేనంత పెద్ద గొంతుతో. "కాలవ పక్కన పడుకున్నట్టు."

"డాక్టరు చెప్పమన్నాడు కదా! మారుస్తానన్నాడు కదా!"

"మళ్ళీ బెజవాడ రమ్మంటారు, మళ్ళీ పరీక్షలంటారు, నిన్ను మళ్ళీ ఇంటికి పంపిస్తారు. ఊపిరి ఎప్పుడు ఆగిద్దో తెలవదు. ముందు నీది పూర్తి చేద్దామనుకున్నా. హోరే కదా, అదే పోద్దనుకున్నా."

నా చదువు ఆగకూడదని దాచాడు. దాచినందుకే చెవులు పోయాయి. చెవులు పోయినందుకే నా చదువు పోయింది. ఈ మూడు ముక్కలూ ఒకదాని వెనక ఒకటి నాకు అక్కడే, నిలబడి ఉండగానే తెలిశాయి.

"వినపడనప్పుడు, వింటున్నట్టు కూర్చుని తల ఎందుకు ఊపారు?" అని అరిచాను. అరిచినా ఒకటే, మెల్లగా అన్నా ఒకటే.

మావయ్య ఈసారి గొంతు తగ్గించి అన్నాడు. "వినపడతానే ఉందమ్మా. నీ పెదవి కదిలితే చాలు, ఆ వాక్యం మొత్తం నాకు లోపల వినపడేది. తప్పు లేకుండా, ఎంత బాగా వినపడేదో. అది నీ గొంతే అనుకున్నా. పిల్ల బాగా చదువుతోంది అనుకుని మురిసిపోయా. వినపడేది నాకు వచ్చినదేనని ఈ మధ్యే అనుమానం వచ్చింది. అడగటానికి భయమేసింది."

ఖురాన్ అంతగా కంఠస్థం కాని మనిషికి ఈ పొరపాటు రాదు. అంతగా వచ్చినందుకే ఆయనకి తన చెవిటితనం తెలియలేదు. నాకు తెలియకపోవడానికి మాత్రం ఆ సాకు కూడా లేదు. నాకు పొగడ్త కావాలి, మౌనం దొరికింది, చాలనుకున్నాను.

విజయవాడలో చెవుల డాక్టరు హెడ్‌ఫోన్లు పెట్టి పరీక్ష చేశాడు. శబ్దం వినపడితే వేలెత్తమన్నారు. గాజు కిటికీ అవతల నుంచి నేను చూస్తూనే ఉన్నాను. మావయ్య వేలు ఒళ్ళో అలాగే ఉండిపోయింది, ఎప్పటికో ఒకసారి లేచింది. మెషీను పెట్టినా చప్పుడు తెలుస్తుంది గానీ మాట తెలియదన్నారు. తిరుగు బస్సులో కిటికీ పక్కన కూర్చుని, దారి పొడుగునా ఆయన ఏదో సూరా గొణుక్కుంటూనే ఉన్నాడు.

తర్వాత ఇంట్లో పంచాయితీ మొదలైంది. అమ్మ వించిపేట నుంచి వచ్చింది. "అన్నయ్యా, ఆ పిల్ల బాగా చదువుద్దని నీకు తెలుసు, అల్లాకి తెలుసు. ఆ పేర్లు చెప్పేసి ఇచ్చెయ్యి. ఎవరు అడుగుతారు?" అంది. అక్షరాలు విడివిడిగా, పెదాలు కనపడేలా అంది. అత్తయ్యా అదే మాట. ఇస్తే నేను తీసుకునేదాన్ని. అబద్ధం చెప్పడం దేనికి, రెండు చేతులా తీసుకునేదాన్ని.

హైదరాబాదులో గురువులు ఉన్నారు. వాళ్ళు పరాయి ఆడపిల్లని ఎదురుగా కూర్చోబెట్టుకుని వినరు. ఏడు రీతులూ వచ్చిన ఆడమనిషి ఎక్కడుందో మాకు తెలియదు. మావయ్య ఇవ్వకపోతే ఇక లేదు.

"విన్నానని చెప్పాలమ్మా" అన్నాడు మావయ్య. "చదివిందని చెప్పమంటే చెప్తా. వచ్చని చెప్పమంటే చెప్తా. విన్నానని ఎట్టా చెప్పను? నా పైన ఇంతమంది ఉన్నారు. ఒక్కరన్నా వినకుండా విన్నానని ఉంటే, నీకు ఇవ్వడానికి నా దగ్గర ఏముండేది?"

అమ్మ పైట నోటికి అడ్డం పెట్టుకుంది. నేను దొడ్లోకి వెళ్ళి కూర్చున్నాను. ఆ రోజు నేను ఆయన్ని అసహ్యించుకున్నాను. నిజం పట్టుకుని వేలాడే మనుషుల పక్కన బతకడం ఎంత కష్టమో బతికినవాళ్ళకే తెలుస్తుంది.

చదువు ఆగిపోయింది. పీట తిరగేసి వంటింట్లో మామూలు పీట చేసుకున్నాం, దాని మీద కూర్చుని అన్నం తిన్నాం. నేను ఇంకా అక్కడే ఉన్నాను, మందులు ఇవ్వడానికి. ఊపిరితిత్తి మళ్ళీ తిరగబెట్టింది. సూదులు చెవులు తీసుకున్నాయి గానీ జబ్బుని పూర్తిగా తీసుకోలేదు.

ఒక మధ్యాహ్నం, ఎండ తగ్గే వేళ, మావయ్య లేచి కూర్చుని పీట తెమ్మన్నాడు. బోర్లించి ముందు పెట్టుకున్నాడు. నన్ను కిటికీ ఎదురుగా కూర్చోమన్నాడు. "యూసుఫ్ సూరా చదువు. మామూలుగా, మన రీతిలోనే."

ఎందుకో అర్థం కాలేదు. కలిపి చదివేటప్పుడు ఎప్పుడో దాటేసిన సూరా. వినపడని మనిషికి ఇప్పుడు ఎందుకు? అయినా మొదలుపెట్టాను. యూసుఫ్ కన్న కల సంగతి అయింది. అన్నలు కుట్ర చేసుకున్నారు. తమ్ముణ్ణి తీసుకుపోవడానికి తండ్రి దగ్గరికి వచ్చి, మమ్మల్ని ఎందుకు నమ్మవు అని అడిగే చోటుకి వచ్చాను. అప్పటికే నా కళ్ళు మసకలేస్తున్నాయి, నోరు అదిరిపోతోంది. ఎలాగో ఆ మాట చదివి దాటాను.

పీట మీద టక్కుమని చప్పుడైంది.

ఎన్నాళ్ళయిందో ఆ చప్పుడు విని. ఉలిక్కిపడ్డాను. ఆయన మొహం కేసి చూశాను. పాత మావయ్యే, ఏమీ చెప్పని మొహం. వెనక్కి వెళ్ళి చదివాను. మళ్ళీ టక్కుమంది.

అప్పుడు గుర్తొచ్చింది. ఆ మాట మధ్యలో ఒక చోట పెదాలు సున్నాలా ముందుకు చుట్టాలి. చప్పుడు ఉండదు. గొంతులో ఏ మార్పూ ఉండదు. ఒకప్పుడు అక్కడ ఉండి, కలిసిపోయిన స్వరానికి అది గుర్తు, అంతే. గుడ్డివాడికి అది అందదు, చెవిటివాడికి అందుతుంది అని నేర్పేటప్పుడు గురువులు చెప్పే చోటు అది. ఖురాన్ మొత్తంలో కంటితో మాత్రమే వినవలసిన మాట. ఏడుపు ఆపుకోవడంలో నా పెదాలు బిగుసుకుపోయి చుట్టుకోలేదు.

మళ్ళీ చదివాను. పెదాలు చుట్టాను. పీట పలకలేదు.

మావయ్య పీట పక్కకి జరిపాడు. చేతులు ఒళ్ళో పెట్టుకుని, నేను ఏళ్ళ తరబడి ఎదురుచూసిన పేర్లు చెప్పడం మొదలుపెట్టాడు. తన గురువు పేరు, ఆయన గురువు పేరు, ఆ పైన, ఆ పైన. మధ్యలో దగ్గు వస్తే ఆగి, నీళ్ళు తాగి, ఆగిన పేరు నుంచి మళ్ళీ ఎత్తుకున్నాడు. చివర తన పేరు చెప్పాడు. నా పేరు చెప్పాడు. "ఈ ఒక్క మాట ఈమె నా ఎదుట చదివింది. నేను చూశాను" అన్నాడు. "దీని వరకు ఇంకొకరికి నేర్పడానికి నీకు అనుమతి. మిగతాది నా దగ్గర లేదమ్మా."

నేను ఆయన మోకాళ్ళ మీద తల పెట్టి ఏడ్చాను. ఆయనకి వినపడలేదు, వీపు అదరడం చేతికి తెలిసి ఉంటుంది, తల నిమురుతూ కూర్చున్నాడు.

మావయ్య తర్వాతి రంజాన్ చూడలేదు. కడిగి, తెల్లటి కఫన్ గుడ్డ చుట్టి, ఆ ఊళ్ళోనే మట్టిచ్చారు. నమాజుకి ఒకప్పటి కమిటీ పెద్దలూ వచ్చారు. మంచి మనిషి, పరుపులు బాగా కుట్టేవాడు అనుకున్నారు.

ఇప్పుడు వించిపేటలో మా మిద్దె మీద ఆడపిల్లలకి చదువు చెబుతాను. అందరూ చదివే రీతి ఒక్కటే చెబుతాను. మిగతా ఆరూ నాలో ఉన్నాయి. పనులు చేసుకుంటూ చదువుకుంటాను, మర్చిపోలేదు. ఎవరికీ చెప్పను. నాతోనే పోతాయి. అందులో న్యాయం ఉందని నేను ఎప్పుడూ అనుకోలేదు, మావయ్య తప్పనీ ఇప్పుడు అనలేను. నా దగ్గర పీట లేదు. పిల్ల ఒక్కో వాక్యం సరిగ్గా చదివినప్పుడల్లా "విన్నాను" అని పైకి అంటాను. విసుగ్గా ఉంటుందని వాళ్ళు ఇళ్ళలో చెప్పుకుంటారట. ఉండనీ.

యూసుఫ్ సూరాలో ఆ మాట దగ్గరికి వచ్చినప్పుడు మాత్రం పిల్లని కిటికీ ఎదురుగా కూర్చోబెడతాను. గడ్డం పట్టుకుని, పెదాలు చుట్టడం చూపిస్తాను. సరిగ్గా వచ్చాక పేర్లన్నీ చెబుతాను, మొదటి నుంచి, మావయ్య దాకా, నా దాకా, ఆ పిల్ల దాకా. అంత పెద్ద జాబితా విని పిల్లలు తెల్లబోతారు.

"ఇందులో చప్పుడేం లేదు కదా టీచర్, ఇంతేనా?" అని అడుగుతారు.

ఇంతేనమ్మా అంటాను.